బర్నెట్ పేరు బడి మీంచి తీసేయడం సబబేనా?

గోదారిగట్టు: శాన్ హోసేలో పీటర్ బర్నెట్ పేరున్న మిడిల్ స్కూలుకి ఆ మధ్య అక్కడి ఆదివాసీ తెగ పేరు మీద మువెక్మా ఓలోనీ అని మార్చారు. బర్నెట్ అంటే ఓరెగన్‌లో శాసనసభ్యుడు, జడ్జి. కాలిఫోర్నియాకి ఎన్నికైన మొదటి గవర్నరు. తర్వాత అక్కడే సుప్రీంకోర్టు జడ్జి. 1849 నాటి మనిషిని ఇప్పటి కొలతలతో కొలుస్తారా?

ఓరుగల్లుబిడ్డ: 1844లో ఓరెగన్‌లో ఆయన పెట్టిన చట్టం చూశారా? నల్లవాళ్లు గడువులోగా వెళ్లిపోవాలి, లేకుంటే 20 నుంచి 39 కొరడా దెబ్బలు. వెళ్లేదాకా ఆరు నెలలకోసారి.

గోదారిగట్టు: ఒక్క దెబ్బ కూడా పడలేదు. ఆ డిసెంబరులోనే కొరడా తీసేశారు, 1845లో చట్టమే రద్దయింది. చదివి మాట్లాడండి.

పెసరట్టు: పాప్‌కార్న్ తెచ్చుకుంటున్నా.

ఓరుగల్లుబిడ్డ: మరి 1851 జనవరిలో గవర్నరుగా శాసనసభకి పంపిన సందేశం? ఆదివాసుల జాతి అంతరించేదాకా నిర్మూలన యుద్ధం సాగుతుందన్నాడు.

గోదారిగట్టు: సాగుతుందని అంచనా వేశాడు, బాధపడుతున్నాననీ రాశాడు. చెయ్యమనలేదు.

ఓరుగల్లుబిడ్డ: గవర్నరు కుర్చీలో కూర్చుని అంచనాలా? కాలిఫోర్నియాకి బానిసగా తెచ్చిన నల్లవాడు ఆర్చీ లీ కేసు కూడా అంచనాయేనా? 1858లో ఆయనే తీర్పు రాశాడు. చట్టం ప్రకారం ఇక్కడ బానిసత్వం లేదంటూనే, యజమాని చిన్నవాడు, ఆరోగ్యం బాగోలేదు, ఈ ఒక్కసారికి అని ఆర్చీని అతనికే అప్పగించాడు. మా నాన్న పొలం తగాదాలోనూ పెద్దమనుషులు ఇదే మాటన్నారు. న్యాయం నీదే, కానీ వాళ్లు పాపం, సర్దుకో అని. ఆ పొలం ఇప్పటికీ మాకు రాలేదు.

గోదారిగట్టు: మీ పొలానికీ బర్నెట్‌కీ ఏంటండీ సంబంధం? ఆర్చీ ఆ ఏడాదే విడుదలయ్యాడు కదా.

ఓరుగల్లుబిడ్డ: వేరే అధికారి వదిలాడు సార్, మీ బర్నెట్ కాదు!

మిల్పిటస్‌మామ: 1850లో విదేశీ గని కార్మికుల మీద నెలకి 20 డాలర్ల పన్ను కూడా ఈయన హయాంలోనే. వీసా మీద ఉన్నవాళ్లు కాస్త ఆలోచించి వెనకేసుకురండి.

గోదారిగట్టు: నన్నంటున్నారా? నేను సిటిజన్‌ని. మామగారూ, బతకడానికి వచ్చాం, వాళ్ల చరిత్ర మనకెందుకు?

ఓరుగల్లుబిడ్డ: మరి టాపిక్ మొదలెట్టింది ఎవరు? మా అమ్మాయి ఈ ఊళ్లోనే చదువుతోంది. బడి పేరు నాకు ముఖ్యమే.

గోదారిగట్టు: సరే, చెప్తా వినండి. మా ఊళ్లో బడికి స్థలమిచ్చింది మా తాత. ప్రభుత్వం మారగానే బోర్డు మీంచి ఆయన పేరు చెరిపేశారు, అడిగే దిక్కులేదు. ఎవరి పేరైనా తీసేస్తున్నారంటే నాకు ఒళ్లు మండుతుంది.

మిల్పిటస్‌మామ: అది అన్యాయమే బాబూ. ఆయన స్థలమిచ్చాడు, పేరు ఉండాల్సిందే. దానికీ దీనికీ లంకె ఎక్కడిది?

ఓరుగల్లుబిడ్డ: మీ తాతగారు ఎవరినీ కొరడాతో కొట్టమని చట్టం చెయ్యలేదుగా.

గోదారిగట్టు: కొట్టలేదని ఎన్నిసార్లు చెప్పాలండీ మీకు!