పోస్టర్ మీద ‘ప్రొడక్షన్ డిజైనర్’: పని మారిందా, పేరే మారిందా?

కృష్ణానగర్ కుర్రాడు:
ఆరేళ్లుగా ఆర్ట్ డిపార్ట్‌మెంట్‌లో అసిస్టెంట్‌ని. ఇప్పుడొక చిన్న సినిమాకి పిలుపొచ్చింది. డబ్బు తక్కువే గానీ టైటిల్స్‌లో ‘ప్రొడక్షన్ డిజైనర్’ అని వేస్తారట. అంటే సినిమా మొత్తం ఎలా కనబడాలో నేనే చూసుకోవాలన్నమాట. తీరా వెళ్లి చూస్తే లొకేషన్లన్నీ ముందే ఖాయం చేసేశారు. కెమెరామన్‌ని ఇంకా కలవనే లేదు. షూటింగ్‌కి పన్నెండు రోజులుంది. నాకు మిగిలింది గోడలకు రంగు, గదుల్లో సామాను. పేరు కోసం ఒప్పుకోవాలా, మా గురువుగారి దగ్గరే ఇంకో రెండేళ్లు ఉండాలా?

సెట్టు మేస్త్రి:
ఒప్పుకో తమ్ముడూ. పేరుదేముంది? మా పెద్దల కాలంలో టైటిల్ కార్డులో ‘కళ’ అని రెండక్షరాలు పడేవి, అంతే. ‘మాయాబజార్’ (1957)కి గోఖలే, కళాధర్ ఆ రెండక్షరాల కిందే పనిచేశారు. సెట్లే కాదు, పాత్రల వేషాలకూ నగలకూ స్కెచ్‌లు వేశారు. ఇవాళ మీరు ప్రొడక్షన్ డిజైన్ అంటున్నది అది కాక మరేంటి? పని చేసినవాడికి పని వస్తుంది.

నీలి స్కెచ్:
మేస్త్రిగారూ, మీ ఉదాహరణ నా వైపే ఉంది. వాళ్లకు పేరు చిన్నది, పని పెద్దది. ఈ కుర్రాడికి ఇస్తున్నది పెద్ద పేరు, చిన్న పని.

అసలు ఆ పేరు ఎలా పుట్టిందో చూడండి. ‘గాన్ విత్ ది విండ్’ (1939)కి విలియం కామెరాన్ మెంజీస్ సినిమా మొత్తం ఎలా కనబడాలో రంగులతో సహా బొమ్మలు గీశాడు. అందుకే నిర్మాత సెల్జ్‌నిక్ ఆయనకు విడిగా క్రెడిట్ ఇచ్చాడు. ఆర్ట్ డైరెక్టర్‌గా లైల్ వీలర్ ఉండనే ఉన్నాడు, ఆర్ట్ డైరెక్షన్ ఆస్కార్ వీలర్‌కే వచ్చింది. అంటే ఒకే సినిమాలో రెండు వేర్వేరు పనులు. మన ‘బాహుబలి’కి సాబు సిరిల్ గారు ప్రొడక్షన్ డిజైనర్ అంటే ఎవరికీ పేచీ లేదు. గదిలో సోఫా జరిపినా అదే పేరు పెడితేనే నాకు ఒళ్లు మండుతుంది.

నా అనుభవం చెప్తా. పాతకాలపు వంటింటికి పసుపు రంగు ఎంచుకుని, పెయింటర్‌తో మూడుసార్లు కలిపించి వేయించాను. షూటింగ్ రోజు కెమెరామన్ ఆకుపచ్చ లైటు పెట్టారు. నా పసుపు కాస్తా బురదైంది. రంగులు, లైట్లు కెమెరాలో ఎలా పడతాయో ముందుగా చూసుకునే టెస్ట్ షూట్‌కి నన్ను పిలవలేదు మరి! టైటిల్స్‌లో మాత్రం నా పేరు పెద్దక్షరాల్లో పడింది.

రీలు పిచ్చోడు:
ప్రేక్షకుడిగా ఒక మాట. ‘కేరాఫ్ కంచరపాలెం’ (2018)లో ఊరే సెట్టు. మామూలు ఇళ్లలో తీసే సినిమాకి డిజైనర్ ఎందుకండీ, నిర్మాతకి ఖర్చు కాకపోతే?

సెట్టు మేస్త్రి:
బాబూ, నీకు సెట్టంటే ‘ఒక్కడు’ (2003)లో అశోక్ వేసిన చార్మినారే గుర్తొస్తుంది. సత్యజిత్ రే ‘అపరాజితో’ (1956)లో కాశీ ఇంటి లోగిలి చూశావా? అది కలకత్తా స్టూడియోలో బన్సీ చంద్రగుప్త కట్టిన సెట్టు. లోగిలి మీద ఆకాశపు వెలుతురు పడుతున్నట్టు కనిపించాలని కెమెరామన్ సుబ్రత మిత్ర పైన తెల్లగుడ్డ పరిచి, దానికి లైట్లు కొట్టించి కిందికి వెలుగు రప్పించాడు. చూసినవాడు కాశీ అనే అనుకున్నాడు.

మామూలు ఇల్లన్నావు కదా. అద్దెకు తీసుకున్న ఇంటికి ఓనరు కొత్తగా సున్నం వేయించి ఇస్తాడు. అందులో ముప్పై ఏళ్లు కాపురం చేసినట్టు చూపించాలి. స్విచ్ బోర్డు చుట్టూ చేతిమరక, మంచం దగ్గర తల ఆనేచోట కొబ్బరినూనె జిడ్డు, పాతదనిపించేలా క్యాలెండరు మీద టీ డికాషన్. క్యాలెండరు తీస్తే వెనక గోడ కాస్త తెల్లగా ఉండాలి. ఇదంతా ఎవడు చేస్తాడు? ఓనరా?

నీలి స్కెచ్:
క్యాలెండరు వెనక తెలుపు... ఇది నేను కాపీ కొట్టేస్తున్నా మేస్త్రిగారూ. కానీ ఆ జిడ్డు మరక ఏ లెన్సుకి కనబడుతుందో ముందే తెలియకపోతే ఆ కష్టమంతా ఫ్రేము బయటే ఉండిపోతుంది. తమ్ముడూ, ఒక్కటే అడుగు: టెస్ట్ షూట్‌కి పిలుస్తారా? సరే అంటే వెళ్లు. లేదంటే ‘ఆర్ట్’ అని వేయించుకో. పేరు చూసి వచ్చే తర్వాతి నిర్మాత మొదటి రోజే స్కెచ్‌లు అడుగుతాడు. అప్పుడేం చూపిస్తావ్?

సెట్టు మేస్త్రి:
ఈ అడగడం వరకు అమ్మాయి మాట వినొచ్చు. కానీ కాదన్నా వదులుకోకు. కార్పెంటర్లతో, పెయింటర్లతో సొంతంగా లెక్క చూసుకోవడం గురువు దగ్గర రాదు.

కృష్ణానగర్ కుర్రాడు:
అడిగాను. టెస్ట్ షూటే పెట్టుకోలేదట. “కెమెరామన్ నంబరిస్తాం, మీరే మాట్లాడుకోండి” అన్నారు. ఫోన్ చేస్తే, “ముందు ఆ ఇంట్లో కిటికీలు ఎటున్నాయో ఫొటోలు పంపు” అన్నాడు. రేపు పొద్దున వెళ్తున్నా. గురువుగారికి ఇంకా చెప్పలేదు.