ఖాజాగూడ గుట్టలు: రాళ్లు మిగలాలి, మనకి దారీ మూసుకుపోకూడదు. ఎలా?

గుట్టదారి: హైదరాబాద్ ఖాజాగూడలోని ఫక్రుద్దీన్ గుట్ట మీద నడిచేవాళ్లం, బౌల్డరింగ్ (తాడు లేకుండా చిన్న బండలెక్కడం) చేసేవాళ్లం కలిసి అర్జీ పెడదామనుకుంటున్నాం. ఒక పక్క బండలు పగలగొట్టి చదును చేస్తున్నారు, ఇంకో పక్క జనం తొక్కిడికి నేల కోసుకుపోతోంది. తీరా "కాపాడండి" అని అడిగితే కంచె వేసి తాళం పెట్టేస్తారేమో! ఎక్కడ మొదలుపెట్టాలి?

పహాణీ: అర్జీ తర్వాత, ముందు ఆ నేల ఎవరిదో తేల్చండి. పగిలిన బండ దగ్గర నిలబడి జీపీఎస్ తీసుకుని, గ్రామ నక్షాలో (భూముల పటంలో) సర్వే నంబరు పట్టుకోండి. సేత్వార్ (మొదటి భూసర్వే రిజిస్టరు), 1954-55 ఖాస్రా పహాణీ (భూమి ఎవరిది, ఎవరి సాగులో ఉందో రాసిన ఆనాటి రికార్డు), ఇప్పటి పహాణీ మూడింటి నకళ్లూ ఆర్టీఐలో అడగండి. మండల స్థాయిలో రుసుము 5 రూపాయలు, ఆపై ఆఫీసుల్లో 10. "ఎందుకు ఆపలేదు?" అని అడిగితే జవాబు రాదు, చట్టం ఇచ్చేది రికార్డులనే. కాబట్టి "ఫలానా సర్వే నంబరులో క్వారీ అనుమతి, పర్యావరణ అనుమతి ప్రతులు" అనండి. 30 రోజుల్లో రాకపోతే, ఆ గడువు ముగిసిన 30 రోజుల్లోపు మొదటి అప్పీలు.

వారసత్వ కట్టడాల్ని, బండల్ని కాపాడిన పాత హుడా రెగ్యులేషన్ 13 పేరు చెప్పి వాదించకండి, దాన్ని 2015లోనే తీసేశారు. ఇప్పుడు పట్టుకోవాల్సింది 2017 తెలంగాణ వారసత్వ చట్టం.

చెన్నైబెంచి: పై మాటకి ఒకటి కలుపుతా. అనుమతి లేకుండా పేలుస్తున్నారని తేలితే ఎన్జీటీ (పర్యావరణ కేసులు చూసే జాతీయ హరిత ట్రిబ్యునల్) చెన్నైలోని దక్షిణ బెంచికి వెళ్లొచ్చు. ఎన్జీటీ చట్టం సెక్షన్ 14 కింద గడువు, వివాదం మొదట పుట్టిన రోజు నుంచి ఆరు నెలలు. తగిన కారణం చూపితే ఇంకో 60 రోజులు, అంతే. ఆర్టీఐ అప్పీళ్లతోనే ఏడాది గడిపి కేసు పోగొట్టుకునేది ఇక్కడే. తేదీ, అక్షాంశ రేఖాంశాలు పడేలా ఫొటోలు ఈ వారమే మొదలుపెట్టండి. ఒట్టి కబ్జా అయితే మాత్రం అది ఎన్జీటీ పని కాదు, రెవెన్యూ వాళ్లదే.

నునుపురాయి: తాళం భయం నిజమే. దానికి విరుగుడు, వాడకం ప్రణాళిక కూడా అర్జీకి జత చేయడం. ఒక్క ప్రధాన బాట గుర్తించి, మిగతా అడ్డదారులకి ఎండుకొమ్మలు అడ్డం వేస్తామని రాయండి. బాట వాలు, గుట్ట పక్కవాలులో సగం దాటకూడదు. దాటితే నీళ్లు బాటనే కాలువ చేసుకుంటాయి. నేరుగా పైకి పోయే దారులన్నీ కోసుకుపోయేది అందుకే. బాట అడుగు లోయ వైపు 3 నుంచి 5 శాతం వాలి ఉంటే నీరు పక్కకి జారిపోతుంది.

ఎక్కేవాళ్లకి: చాక్ (చేతులకి పట్టు కోసం రాసుకునే పొడి) మరకలకి మెత్తటి నైలాన్ బ్రష్షే వాడాలి. ఇనుప బ్రష్ గ్రానైట్ పలుకుల్ని ఊడదీస్తుంది, పట్టు నున్నబడుతుంది. మన గ్రానైట్ పొరలు పొరలుగా ఊడే రకం. తడితే డొల్ల మోత వచ్చే పలకని వదిలేయండి. కొత్త బోల్టులు (తాడు తగిలించడానికి రాతిలో రంధ్రం చేసి దించే మేకులు) అసలొద్దు, బౌల్డరింగుకి వాటితో పనేముంది? అధికారి కంటికి మాత్రం డ్రిల్లు రంధ్రం, క్వారీ రంధ్రం ఒకటే. గుడ్లగూబ గూళ్లున్న అరుగుల వైపు నవంబరు నుంచి ఏప్రిల్ దాకా ఎక్కబోమని ముందే రాసివ్వండి. అది నమ్మకం తెస్తుంది.

గుట్టదారి: నక్షా పని ఇవాళే మొదలుపెడతాం. అర్జీ మీద ఎవరెవరి సంతకాలు ఉంటే బాగుంటుంది?

పహాణీ: దర్గా వాళ్లవి, గుడి వాళ్లవి ముందు. ఆ గుట్ట మీద మీకంటే పాత హక్కు వాళ్లది, పండగలప్పుడు దారి వాళ్లకీ కావాలి. 1996 నుంచి ఈ బండల కోసం పనిచేస్తున్న సొసైటీ టు సేవ్ రాక్స్‌ని కూడా కలవండి.

చెన్నైబెంచి: ఇచ్చిన ప్రతి కాగితానికీ ఆఫీసు ముద్ర, తేదీ ఉన్న రసీదు తీసుకోండి. వాట్సాప్ ఫిర్యాదు స్క్రీన్‌షాట్లని నమ్ముకోవద్దు.