న్యూయార్క్ ఇంట్లోకి వోచర్ మీద అద్దెకొస్తున్నారు: బ్రోకరు కమీషన్ కాగితాల్లో ఓనరు సంతకం దేనికి?

గంటస్తంభం వీధి:

అందరికీ నమస్కారమండీ. ఉండేది విజయనగరం. అమ్మని చూసుకోడానికి అమెరికా నుంచి వచ్చేశాం. క్వీన్స్‌లో జమైకా వైపు మాకో పాత ఇల్లుంది, కిందొక వాటా, పైనొక వాటా. కింద గయానా దంపతులు చాన్నాళ్ళుగా ఉంటున్నారు, వాళ్ళతో పేచీ లేదు. పై వాటా ఖాళీ అయితే అక్కడి బ్రోకరుకి చెప్పాను. ఆయన ఇద్దరు పిల్లల తల్లిని కుదిర్చాడు. షెల్టర్లో ఉంటోందట, సిటీఫెప్స్ వోచర్ ఉంది, అంటే అద్దెకి సిటీ వాళ్ళిచ్చే సాయం. అద్దె 2,600 డాలర్లు. వీడియోలో మాట్లాడాను. ఆవిడ మాట్లాడుతున్నంతసేపూ పెద్దపిల్ల పక్కన కూచుని లెక్కలు చేసుకుంటోంది, తలెత్తలేదు. ఇల్లివ్వడానికి నాకే అభ్యంతరమూ లేదు. చిక్కంతా కాగితాలతోనే.

బ్రోకరు ఒకే మెయిల్లో కట్ట పంపాడు. ఓనరు వివరాల ఫారం, అగ్రిమెంటు, అమెరికా పన్ను నంబరు తెలియజేసే డబ్ల్యూ-9 ఫారం, అడ్వాన్సు బదులు సెక్యూరిటీ వోచరు. వీటితోపాటు తన కమీషన్ సిటీ వాళ్ళ దగ్గర అడిగే ఫారం ఒకటి, దానికి తోడుగా “ఈయనే అద్దెకి కుదిర్చాడు” అని నేనివ్వాల్సిన ఉత్తరం. ఆ ఉత్తరంలో డబ్బు రాయాల్సిన చోట గీత తప్ప అంకె లేదు. “మీరు సంతకం పెట్టెయ్యండి, మిగతాది నేను నింపుకుంటాను” అన్నాడు. సిటీ వాళ్ళిచ్చే డబ్బుకి నా సంతకమేమిటని అడిగితే “అందరూ పెడతారు సార్” అన్నాడు. అంతటితో ఆగలేదు. మీరు దూరంగా ఉన్నారు కదా, జీపీఏ నా పేరనే ఇచ్చేస్తే అన్నీ నేనే చూసుకుంటానన్నాడు.

ఇంకో మాట. ఇల్లు వేరేవాళ్ళకి పోకుండా పట్టి ఉంచడానికని ఆవిడ దగ్గర 500 డాలర్లు నగదు అడిగాడట. ఈ సంగతి ఆవిడే చెప్పింది, నేనే అడిగించాననుకుందేమో పాపం.

డబ్ల్యూ-9 దగ్గర మరీ తికమక. మా ఇద్దరికీ అక్కడి పౌరసత్వం ఉంది, ఇక్కడ ఓసీఐ మీద ఉంటున్నాం. ఇండియాలో ఉన్నవాళ్ళు ఆ ఫారం ఇవ్వకూడదని ఇక్కడ మా వీధిలో ఆడిటరు గారంటున్నారు. డీడ్ ఇద్దరి పేర్ల మీదా ఉంది, అందులో ఇంటిపేరు పూర్తిగా చివర్న. నా సోషల్ సెక్యూరిటీ కార్డు మీద ఇంటిపేరు ఒక్క అక్షరమే. ఏ పేరు రాయాలి? మూడు లాంతర్ల దగ్గర జిరాక్సు షాపులో ప్రింట్లు తీయిస్తే కుడి పక్క తేదీ గడి సగం కోసేసింది, అదో గోల.

నాగావళి గట్టు:

మాస్టారూ, నన్నడిగితే వోచర్ వాళ్ళ జోలికే పోవద్దు. ఆఫీసుల చుట్టూ తిరగలేక చస్తారు. వేరే ఎవర్నైనా చూసుకోండి.

రాజాం కుర్రోడు, క్వీన్స్:

పై అన్నయ్య మాట వినకండి మాస్టారూ. వోచర్ ఉందని ఇల్లివ్వనంటే న్యూయార్క్ సిటీలో చట్టం ఒప్పుకోదు, 2008 నుంచీ అంతే. కేసు పెడితే ఓనరు మీదకే వస్తాది. నేనిక్కడ ఇళ్ళ మేనేజ్‌మెంట్ ఆఫీసులో చేస్తాను, పొద్దున్నుంచి సాయంత్రం దాకా నా టేబుల్ మీద ఉండేవి ఈ కట్టలే.

ముందు కమీషన్ సంగతి. అడగాల్సింది బ్రోకరు, ఇచ్చేది హెచ్ఆర్ఏ, అంటే సిటీ వాళ్ళ సంక్షేమ శాఖ. ఆయన లైసెన్సు కాపీ, ఆయన సొంత డబ్ల్యూ-9 ఆయన పెట్టుకోవాలి. మీ పేరు మధ్యలోకి ఎందుకొస్తాదంటే అద్దె అంకె వల్ల. కమీషన్ ఏడాది అద్దెలో 15 శాతం దాకా ఇస్తారు. మీ లెక్క 2,600 ఇంటూ 12, అంటే 31,200. దాన్లో 15 శాతం 4,680. అగ్రిమెంట్లో, ఓనరు ఫారంలో, ఆయన ఫీజు ఫారంలో మూడింట్లోనూ అద్దె 2,600 అనే ఉండాలి. ఒక దాంట్లో 2,650 అని పడిందనుకోండి, ఫీజుతోపాటు మీ అద్దె కూడా ఆగిపోతాది. పొరపాటెక్కడుందో వెతికి చెప్పే ఓపిక అవతల ఎవరికీ ఉండదు, కట్టంతా వెనక్కొచ్చేస్తాది. మొన్నే ఒక ఓనరుకి వాటా నంబరు ఒక కాగితంలో “రెండు” అనీ ఇంకోదాంట్లో “పై అంతస్తు” అనీ ఉందని తిప్పి పంపారు.

అందుకని ఆ ఉత్తరం మీరే సొంతంగా రాయండి. ఇంటి చిరునామా, వాటా, నెల అద్దె, అద్దె మొదలయ్యే తేదీ, ఈ బ్రోకరు కుదిర్చాడన్న ముక్క. కమీషన్ అంకె మీరు రాయక్కర్లేదు. అంకె ఖాళీగా వదిలేసిన కాగితం మీద సంతకం ఏ దేశంలోనైనా పెట్టకూడదు మాస్టారూ, మీకు నేను చెప్పాలేటి.

ఆ 500 మాత్రం చిన్న విషయం కాదు. ఓనరు ఫారంలో మీరు సంతకం పెట్టే మాటల్లో ఒకటేటంటే, ఒప్పుకున్న అద్దె కాకుండా బయట ఇంకేమీ తీసుకోను అని. బ్రోకరు నగదు తీసుకుంటే రేపొద్దున్న అది మీ నోటీసులో ఉందా లేదా అని అడుగుతారు. పైగా 2025 జూన్ 11 నుంచి ఇక్కడ కొత్త చట్టం నడుస్తోంది: బ్రోకర్ని పెట్టుకున్నోళ్ళే ఫీజు కట్టుకోవాలి. మీరు పెట్టుకున్న మనిషి కాబట్టి ఆవిడ దగ్గర కమీషన్ కింద ఏదీ తీసుకోడానికి లేదు. అప్లికేషన్, క్రెడిట్ చెకింగ్ కలిపి 20 డాలర్లు దాటకూడదని 2019 నుంచీ రాష్ట్ర చట్టం. ఆవిడకి మీరే మెసేజ్ పెట్టి చెప్పండి, డబ్బు ఇవ్వొద్దని. ఆ మెసేజ్ దాచుకోండి.

జీపీఏ బ్రోకరుకి ఇవ్వడమేటండీ! ఫీజు అడిగేదీ ఆయనే, ఓనరు తరఫున ఔనని సంతకం పెట్టేదీ ఆయనేనా? అసలు చాలా మటుకు కాగితాలకి జీపీఏ అక్కర్లేదు, సంతకం పెట్టి స్కాన్ పంపితే నడుస్తాది. ఇవ్వక తప్పదంటే మీ చుట్టాల్లో ఎవరికైనా ఇవ్వండి. న్యూయార్క్ ఫారం మీద నోటరీతోపాటు ఇద్దరు సాక్షులుండాలి. హైదరాబాద్ కాన్సులేట్‌లో నోటరీకి సీలుకి 50 డాలర్లు. అంత దూరం ఎందుకనుకుంటే న్యూయార్క్ నోటరీలే 2023 నుంచి వీడియోలో చేస్తున్నారు, విజయనగరంలో కూచునే పని అయిపోతాది.

అడ్వాన్సు గురించి కూడా తెలుసుకుని ఉండండి. సెక్యూరిటీ వోచరంటే డబ్బు కాదు, మీ చేతికి ఇప్పుడేమీ రాదు. ఆవిడ ఖాళీ చేసేటప్పుడు అద్దె బాకీ గానీ, ఇంటికి నష్టం గానీ ఉంటే ఒక నెల అద్దె మించకుండా అప్పుడు అడుక్కోవాలి. రుజువు లేకపోతే ఇవ్వరు. దిగేముందే ఎవరిచేతనైనా గది గదికీ ఫోటోలు తీయించండి, ముఖ్యంగా వంటగది గట్టు కింద అల్మరాలు, బాత్రూం పలకలు.

పాలకొండ రోడ్డు సీఏ:

డబ్ల్యూ-9 సంగతి నేను చెబుతాను. శ్రీకాకుళంలో కూచుని అమెరికా రిటర్నులు వేసే పని నాది. మీ వీధి ఆడిటరు గారు నివాసాన్ని బట్టి చెప్పారు, అది మన చట్టం పద్ధతి. అమెరికా వాళ్ళు పౌరసత్వాన్నీ లెక్కలోకి తీసుకుంటారు. మీరు పౌరులు, ఎక్కడున్నా డబ్ల్యూ-9 ఇవ్వాలి. గ్రీన్‌కార్డు వదులుకోనివాళ్ళకీ అంతే. ఈ రెండూ లేనివాళ్ళు పొరపాటున కూడా అది ఇవ్వకూడదు. వాళ్ళకి డబ్ల్యూ-8 ఫారాలున్నాయి, సరైనది వేయకపోతే అద్దె మొత్తం మీద, ఖర్చులు తీయకుండానే, 30 శాతం పట్టేస్తారు.

పేరు మాత్రం సోషల్ సెక్యూరిటీ కార్డు మీద ఎలా ఉందో అలాగే రాయండి, ఇంటిపేరు ఒక్క అక్షరమే ఉంటే ఒక్క అక్షరమే. అక్కడి పన్ను శాఖ ఐఆర్ఎస్ వాళ్ళు నంబరునీ పేరునీ కలిపి చూస్తారు, డీడ్‌తో వాళ్ళకి పని లేదు. ఇద్దరి పేర్లూ రాస్తే ఎవరి నంబరు ఇస్తున్నారో ఆ పేరు ముందు. డీడ్‌లో పేరుకీ దీనికీ తేడా ఉంది కాబట్టి రెండు పేర్లూ ఒకే మనిషివని ఒక చిన్న ప్రమాణ పత్రం జతచేస్తే హౌసింగ్ వాళ్ళకి పేచీ ఉండదు. మన ఇంటిపేర్ల వల్ల నా దగ్గరకొచ్చే ఫైళ్ళలో ఈ తేడా లేనిది అరుదు. ఫారం మీద పైన ఎడమ మూలన ఉండే తేదీ చూసి తాజా ఫారమేనో కాదో సరిచూసుకోండి, పాతది పంపితే మళ్ళీ అడుగుతారు.

ప్రింటు కోసేసిందన్నారు. వాళ్ళ కాగితం మన ఏ4 కంటే వెడల్పెక్కువ, పొడుగు తక్కువ. షాపతనికి “పేజీకి సరిపెట్టు” అని నొక్కమనండి. తేదీలో నెల ముందు వేయాలి, అక్కడే ఉండొచ్చారు కాబట్టి మీకు తెలుసులెండి.

గంటస్తంభం వీధి:

చాలా థాంక్సండీ ఇద్దరికీ. ఉత్తరం నేనే రాసి పంపేశాను. బ్రోకరుకి కాస్త ముఖం మాడింది. “మీరు నన్ను నమ్మట్లేదు సార్” అన్నాడు. నమ్మకం సంగతి తర్వాత, ముందు ఆ 500 మాట ఎత్తొద్దన్నాను. అది ఇంకెవరికో చెప్పబోయి పొరపాటున చెప్పానన్నాడు. సరే, పోనీ. ఆవిడ ఇంకా ఇవ్వలేదు, అది చాలు. డీడ్ కాపీ అడుగుతున్నారు, ఒరిజినల్ బ్యాంకు లాకర్లో అక్కడే ఉండిపోయింది.

రాజాం కుర్రోడు, క్వీన్స్:

ఒరిజినల్ అక్కర్లేదు మాస్టారూ. సిటీ వాళ్ళ ఆక్రిస్ సైట్లో చిరునామా కొట్టండి, మీ డీడ్ స్కాన్ ఉచితంగానే దొరుకుతాది.

మీరు అడగనిదొకటి అడుగుతాను. ఇప్పుడు మీ ఇంట్లో ఓనరు గానీ, సొంత కుటుంబం గానీ ఎవరూ ఉండట్లేదు కదా? అలాంటప్పుడు రెండు వాటాల ఇంటికి కూడా సిటీ వాళ్ళ ఇళ్ళ శాఖ హెచ్‌పీడీలో ఏటా రిజిస్ట్రేషన్ చేయించాలి. ఫీజు 13 డాలర్లే. కానీ ఊళ్ళో ఉండే మేనేజింగ్ ఏజెంటు పేరు చూపించాలి, మీ విజయనగరం చిరునామా చెల్లదు. మీరక్కడున్నన్నాళ్ళూ దీని అవసరం పడి ఉండదు. ఇల్లు 1978కి ముందు కట్టిందైతే సీసం రంగు గురించి చెప్పే కాగితం కూడా అగ్రిమెంటుతో పెట్టాలి, పిల్లలున్నారు కాబట్టి ఇంకా జాగ్రత్త.

గంటస్తంభం వీధి:

అది ఎవరూ చెప్పలేదండీ. ఇల్లు 1930ల నాటిది. మా తోడల్లుడి కొడుకు బ్రాంక్స్‌లో ఉంటున్నాడు, అతని పేరు ఏజెంటుగా పెట్టొచ్చా? వయసు ఇరవై నాలుగు.

రాజాం కుర్రోడు, క్వీన్స్:

పెట్టొచ్చు. ఇరవై ఒకటి దాటి సిటీలో ఉంటే చాలు. కాకపోతే రాత్రి హీటర్ ఆగిపోయిందని ఫోనొస్తే ఎత్తాల్సింది అతనే, ముందే చెప్పి ఒప్పించండి.