విదేశీ సినిమాలు ఎక్కువగా వస్తే సొంత సినిమా దెబ్బతింటుందా?

ప్రశ్న (రెండో ఆట): హాలీవుడ్ అన్ని దేశాల సినిమానీ మింగేసిందని ఒకరంటారు, పోటీ ఉంటేనే బాగుపడతారని ఇంకొకరు. నాకు రెండూ నమ్మబుద్ధి కావట్లేదు. దిగుమతులు ఆపిన చోట, వదిలేసిన చోట అసలేం జరిగిందో తెలిసినవాళ్ళు చెప్పండి. "మంచి సినిమా ఎక్కడైనా ఆడుతుంది" లాంటి మాటలు వద్దు ప్లీజ్.

నేల టికెట్: దక్షిణ కొరియా సంగతి చూడండి. 1960, 70ల్లో అక్కడ విదేశీ సినిమా తెచ్చుకునే లైసెన్సు కావాలంటే ముందు సొంత సినిమాలు తీయాలి. ఉద్దేశం మంచిదే, కానీ లాభం వచ్చేది విదేశీ బొమ్మ మీద కాబట్టి చాలామంది లైసెన్సు కోసం ఏదో ఒకటి చవగ్గా చుట్టేసేవాళ్ళు. 1988లో హాలీవుడ్ కంపెనీలు నేరుగా పంపిణీకి దిగాక పెద్ద గొడవ, నిరసనగా హాళ్ళలో పాములు కూడా వదిలారు (నిజంగానే!). 2006లో సొంత సినిమాలు హాళ్ళు తప్పనిసరిగా ఆడించాల్సిన రోజులు (కోటా) ఏడాదికి 146 నుంచి 73కి తగ్గించారు. అయినా తర్వాత చాలా ఏళ్ళు సగానికి పైగా టికెట్లు కొరియా సినిమాలకే తెగాయి.

తెర వెనక: అంతమాత్రాన కోటాలు దండగని తేల్చేయకండి, ఆ 146 రోజులు లేకపోతే 90ల్లో కొత్తవాళ్ళకి హాళ్ళు దొరికేవా? నన్నడిగితే ఫ్రాన్స్ పద్ధతి తెలివైనది. జర్మన్ ఆక్రమణలో ఆగిపోయిన అమెరికన్ సినిమాలు యుద్ధం అవ్వగానే కుప్పలుగా వచ్చిపడ్డాయి. అమెరికాతో 1946లో కుదిరిన ఒప్పందంలో మూడు నెలలకి నాలుగు వారాలే ఫ్రెంచి సినిమాలకి రిజర్వు చేస్తే ఇండస్ట్రీ రోడ్డెక్కింది. 1948లో టికెట్ మీద పన్ను వేసి ఆ డబ్బు ఫ్రెంచి నిర్మాణానికి మళ్ళించారు, అమెరికన్ సినిమా టికెట్ మీద కూడా! పైగా ఆ కుప్పలో హిచ్‌కాక్, హాక్స్ లాంటి హాలీవుడ్ దర్శకుల సినిమాలు పదేపదే చూసి, వాటి మీద వ్యాసాలు రాస్తూ పెరిగిన త్రుఫో, గొదార్‌లే తర్వాత దర్శకులై న్యూవేవ్ (ఫ్రెంచి సినిమాలో కొత్త ఒరవడి) తెచ్చారు.

ఇంటర్వెల్: దిగుమతి అంటే అందరూ హాలీవుడ్ దగ్గరే ఆగిపోతారేంటి? ఉత్తర నైజీరియాకి లెబనీస్ వ్యాపారులు 1950ల నుంచే హిందీ సినిమాలు తెచ్చారు. భాష రాకపోయినా, ప్రేమకీ పెద్దల మాటకీ మధ్య నలిగే కథలు అక్కడివాళ్ళకి తమ ఇంటి గొడవల్లాగే అనిపించాయి. 1990ల్లో అక్కడి కానో నగరంలో స్థానిక హౌసా భాషలో వీడియో సినిమాలు మొదలయ్యాక పాటలూ డాన్సులూ వాటిలోకి చేరిపోయాయి. మతపెద్దల్లో కొందరికి అదే కంటగింపైంది, 2001లో కానో రాష్ట్రం సొంత సెన్సార్ బోర్డు పెట్టుకుంది.

రెండో ఆట: హౌసా సంగతి అస్సలు ఊహించలేదు. నేల టికెట్ గారూ, ఆ లైసెన్సు రూలు ఎప్పుడు ఎత్తేశారు?

నేల టికెట్: 80ల మధ్యలో, సినిమా చట్టం మార్చినప్పుడు.