903 ఇన్నింగ్స్‌కే హాల్ ఆఫ్ ఫేమా? బిల్లీ వాగ్నర్‌పై చర్చ

పాతబంతి:
ఆటలోని మేటి ఆటగాళ్లకు దక్కే గౌరవమైన బేస్‌బాల్ హాల్ ఆఫ్ ఫేమ్‌లోకి 2025లో పిచర్ (బంతి విసిరే ఆటగాడు) బిల్లీ వాగ్నర్‌ను ఎన్నుకున్నారు. 75 శాతం ఓట్లు చాలు, అతనికి 82.5 పడ్డాయి. అయినా నాకు మింగుడుపడడం లేదు. 16 సీజన్లలో అతను వేసినవి 903 ఇన్నింగ్స్. మ్యాచ్‌ను మొదటి నుంచీ వేసే పిచర్ గ్రెగ్ మాడక్స్ 5,008 వేశాడు. మ్యాచ్‌లోని తొమ్మిది ఇన్నింగ్స్‌లో ఎనిమిదింటి బరువు వేరేవాళ్లు మోశాక చివరలో వచ్చే రిలీఫ్ పిచర్‌కూ మాడక్స్ పక్కనే పీట వేయడం న్యాయమా? పైగా మూడు పరుగుల ఆధిక్యంతో వచ్చి ఆ ఒక్క ఇన్నింగ్స్ గట్టెక్కించినా ‘సేవ్’ రాస్తారు. అతని 422 సేవ్‌లలో అలాంటి సులువైనవెన్నో!

ఎడమచేయి:
సేవ్‌లు పక్కన పెట్టండి. 903 ఇన్నింగ్స్‌లో 1,196 స్ట్రైకౌట్లు (మూడు స్ట్రైక్‌లతో బ్యాటర్‌ను అవుట్ చేయడం)! అతని బౌలింగ్‌లో, అదే పిచింగ్‌లో, బ్యాటర్ల సగటు .187. అంటే అయిదుసార్లు ఆడితే సగటున ఒక్క హిట్ కూడా లేదు.

అతను పుట్టుకతో కుడిచేతివాటం మనిషి. వర్జీనియాలో పెరుగుతుండగా చిన్నతనంలోనే ఆ చేయి రెండుసార్లు విరిగింది. అప్పుడు ఎడమచేత్తో బంతి విసరడం నేర్చుకున్నాడు. ఆ చేతి నుంచే గంటకు వంద మైళ్ల బంతులు వచ్చాయి. 1999లో హ్యూస్టన్ ఆస్ట్రోడోమ్‌లో చూశాను. తొమ్మిదో ఇన్నింగ్స్‌లో అతను నడిచి వస్తుంటే మా వరుస మొత్తం లేచి నిలబడింది. క్యాచర్ గ్లోవ్‌లో బంతి పడిన చప్పుడు వినిపించాక బ్యాట్ కదిలినట్టనిపించింది.

పాతబంతి:
ఆ చేయి గొప్పదే, కాదనను. కానీ క్లోజర్, అంటే మ్యాచ్ ముగించడానికి చివర్లో దిగే పిచర్, ఉండేదే గండం గడవడానికి కదా! సీజన్ చివరి నాకౌట్ పోటీలైన ప్లేఆఫ్స్‌లో పన్నెండు ఇన్నింగ్స్ కూడా నిండకుండానే వాగ్నర్ ఈఆర్ఏ (తొమ్మిది ఇన్నింగ్స్‌కు పిచర్ సగటున ఇచ్చుకున్న పరుగులు, తక్కువైతేనే మేలు) 10.03కు చేరింది. మరో క్లోజర్ మరియానో రివేరాది ప్లేఆఫ్స్‌లోనే 141 ఇన్నింగ్స్‌లో 0.70.

తొమ్మిదోఇన్నింగ్స్:
రివేరాయే కొలబద్ద అయితే ఇంకెవరూ నిలవరండీ. 2019లో హాల్ ఆఫ్ ఫేమ్‌కు ఓటు వేసిన 425 మందీ అతనికి వేశారు. 2001 వరల్డ్ సిరీస్ ఏడో మ్యాచ్‌ను ఆ రివేరా కూడా తొమ్మిదో ఇన్నింగ్స్‌లో చేజార్చుకున్నాడు. పన్నెండు ఇన్నింగ్స్ చూసి 16 ఏళ్లను తూచకండి. ఇంకో మాట. 2010లో వాగ్నర్ 1.43 ఈఆర్ఏ, 37 సేవ్‌లు సాధించి, కుటుంబంతో గడపాలని అక్కడితో ఆపేశాడు. చేయి సత్తువ తగ్గి మానలేదు.

పాతబంతి:
ఆ నిర్ణయాన్ని గౌరవిస్తాను. కానీ వేయని ఇన్నింగ్స్‌కు ఓటు ఎలా వేస్తాం?

ఎడమచేయి:
మరి ఇంకో క్లోజర్ ట్రెవర్ హాఫ్‌మన్ సంగతి? 1,089 ఇన్నింగ్స్‌తో 2018లో హాల్ ఆఫ్ ఫేమ్‌లో చేరాడు. వాగ్నర్ కన్నా రెండు వందల ఇన్నింగ్స్ కూడా ఎక్కువ లేవు. అతనికి వేస్తారా?

పాతబంతి:
601 సేవ్‌లు ఉన్నా సరే, వేయను.