గుంటూరులో ఇంపోర్టెడ్ పండ్ల షాపు పెడితే నడుస్తుందా? బెర్రీలకు నిజంగా గిరాకీ ఉందా?

లక్ష్మీపురం కుర్రాడు:

నమస్తే అండి. మాది గుంటూరు. లక్ష్మీపురంలో మా మావయ్యది ఒక షట్టర్ ఖాళీగా ఉంది. మొదటి ఏడాది అద్దె వద్దులే అన్నారు. అందులో పండ్ల షాపు పెట్టాలని ఉంది. తోపుడు బండి మీద దొరికే అరటి, జామ కాదు. బ్లూబెర్రీ, స్ట్రాబెర్రీ, కివీ, అవకాడో, వాషింగ్టన్ యాపిల్ లాంటివి. నా ఫ్రెండ్స్‌లో జిమ్‌కి వెళ్లేవాళ్లు ఇవన్నీ యాప్‌లో తెప్పించుకుంటున్నారు. దేశంలో బెర్రీల మార్కెట్ బాగా పెరుగుతోందని ఎక్కడ చూసినా వీడియోలే.

మా నాన్న మిర్చి యార్డులో గుమస్తాగా చేసి రిటైర్ అయ్యారు. "మిర్చి ఏడాదైనా కోల్డ్ స్టోరేజీలో పడుంటుంది, పండు నిన్ను ఆగనివ్వదురా" అని ఒకటే టెన్షన్ పడుతున్నారు. ఆయనకు చెప్పడానికి నా దగ్గర సరైన సమాధానం కావాలి.

సరుకు విజయవాడలో ఎత్తుకోవాలా, హైదరాబాద్ వెళ్లాలా? ఏ పండు మీద డబ్బు పెట్టాలి? ఈ లైన్‌లో ఉన్నవాళ్లు చెప్పండి ప్లీజ్.

పటమట అమ్మ:

నేను వ్యాపారం చేసేదాన్ని కాదు, కొనేదాన్ని. మా పాపకు బ్లూబెర్రీ ఇష్టం. 125 గ్రాముల డబ్బా కొని ఇంటికొచ్చి మూత తీస్తే అడుగున బూజు పట్టినవి కనిపిస్తాయి. పైన మాత్రం నిగనిగలాడుతుంటాయి. డబ్బా తిరగేసి చూపించి అమ్మే షాపు ఉంటే పది రూపాయలు ఎక్కువైనా అక్కడే కొంటాను. అది ఒక్కటి చేయండి చాలు.

కేదారేశ్వరపేట హోల్‌సేల్:

తమ్ముడూ, విజయవాడ కేదారేశ్వరపేటలో మాది హోల్‌సేల్ పండ్ల షాపు. మా నాన్న హయాంలో బత్తాయి, సపోటా, కమలా, సీజన్‌లో సిమ్లా యాపిల్, అంతే. ఇప్పుడు న్యూజిలాండ్, పెరూ, టాంజానియా పేర్లున్న పెట్టెలు రోజూ దించుకుంటున్నాం. నువ్వు అడిగిన ప్రశ్న నన్ను చాలామంది అడుగుతుంటారు కాబట్టి కాస్త వివరంగా రాస్తాను.

ముందు బెర్రీల సంగతి. పెరుగుతున్న మాట నిజం. పెరూ ప్రపంచంలోనే బ్లూబెర్రీ ఎగుమతిలో ముందుంది. వాళ్ల పంట ఆగస్టు, సెప్టెంబర్ నుంచి సంక్రాంతి దాకా బాగా వస్తుంది. సుంకాలు కూడా తగ్గుతున్నాయి. 2022 డిసెంబర్ 29 నుంచి అమల్లో ఉన్న ఆస్ట్రేలియా ఒప్పందంలో బెర్రీల మీద సుంకం విడతలవారీగా తీసేస్తున్నారు. 2023లో అమెరికాతో పాత వ్యాపార తగాదాలు తెంచుకున్నప్పుడు బ్లూబెర్రీ, క్రాన్‌బెర్రీ సుంకం తగ్గించడానికి మన ప్రభుత్వం ఒప్పుకుంది. కాబట్టి వచ్చే ఏళ్లలో ఇంకా చవకగా వస్తాయనే నా నమ్మకం.

కానీ గుంటూరులో చిన్న షట్టర్‌కి అది ప్రధాన సరుకు కాదు. మా దగ్గర కదిలే యాపిల్ పెట్టెల పక్కన బ్లూబెర్రీ లెక్కలోకి రాదు. ఈ పండు సున్నా, రెండు డిగ్రీల చల్లదనంలో ఉన్నంతసేపే పండు. ఎయిర్‌పోర్టులో దిగి, హైదరాబాద్‌లో చేతులు మారి, విజయవాడ వచ్చి, అక్కడి నుంచి నీ షాపుకి ఆటోలో చేరేలోపు ఎక్కడో ఒకచోట ఎండలో ఆగుతుంది. చల్లటి డబ్బా వేడిగాలి తగలగానే లోపల చెమ్మ పడుతుంది. పైన అమ్మగారు చెప్పిన బూజు అక్కడే మొదలవుతుంది. పండు మీద తెల్లగా పొడిలా ఉంటుంది చూడు, అది దుమ్ము కాదు, దానికి రక్షణ. కడిగి మెరిపించాలని చూడొద్దు. రోజుకి నాలుగైదు డబ్బాలకు మించి తేవద్దు, తెచ్చినవి ఫ్రిజ్‌లోంచే అమ్ము.

స్ట్రాబెర్రీ వేరు. దేశంలో పండేదాంట్లో ఎక్కువ భాగం మహారాష్ట్రలోని మహాబలేశ్వర్, పంచగని నుంచే. చలికాలంలో మన లంబసింగి వైపు నుంచి కూడా వస్తుంది. డిసెంబర్ నుంచి మార్చి దాకా సరుకు ఉంటుంది. కోసిన తర్వాత ఇది మాగదు. పచ్చిగా ఉన్నది రేపటికి తియ్యగా అవుతుందని కొనకు. ఎరుపు కాడ దగ్గరిదాకా ఎక్కిందో లేదో చూసుకుని తీసుకో.

ఇక అసలు వ్యాపారం యాపిల్. నువ్వు నేర్చుకోవాల్సింది ఇదే. కాశ్మీర్ కాయ ఆగస్టు నుంచి మొదలై దసరా, దీపావళికి వరదలా వస్తుంది. ఆ తర్వాత అక్కడి కోల్డ్ స్టోర్లలో పెట్టింది వేసవి దాకా వస్తూ ఉంటుంది. చలికాలంలో ఇరాన్, టర్కీ, ఇటలీ, పోలండ్, వాషింగ్టన్ కాయ దిగుతుంది. ఏప్రిల్ దాటాక న్యూజిలాండ్, చిలీ, దక్షిణాఫ్రికా వంతు. భూమికి ఆ వైపు సీజన్ మనకు తలకిందులు కదా, అందుకే మనకు ఏడాది పొడవునా యాపిల్ ఉంటోంది.

రేటు ఎందుకు తగ్గదో కూడా తెలుసుకో. దిగుమతి యాపిల్ మీద మామూలు సుంకం 50 శాతం. 2023 మే నుంచి ఇంకో నిబంధన పెట్టారు: రవాణా, ఇన్సూరెన్స్ కలిపి కిలో 50 రూపాయలు, అంతకన్నా తక్కువ రేటుకి వచ్చే యాపిల్‌ని దేశంలోకి రానివ్వరు. చవక కాయ వచ్చి కాశ్మీర్, హిమాచల్ రైతుని ముంచకుండా పెట్టిన నిబంధన అది, నేను దాన్ని సమర్థిస్తాను. లెక్క చూడు. 50 రూపాయల కాయకి సుంకం 25. అక్కడికే 75. దాని మీద పోర్టు ఖర్చులు, కోల్డ్ స్టోరేజీ, చెన్నై నుంచి లారీ, కమీషన్, మా లాభం, నీ లాభం. ఇంపోర్టెడ్ యాపిల్ నూరు రూపాయలకే ఇస్తాం అని ఎవరైనా అంటే పెట్టె మీద ఏముందో చదువు.

ఇక వార్తలు చూడకుండా ఈ వ్యాపారం చేయలేవు. అమెరికా యాపిల్ మీద 2019లో అదనంగా 20 శాతం సుంకం వేశారు, 2023 సెప్టెంబర్‌లో తీసేశారు. ఆ మధ్యలో వాషింగ్టన్ కాయ స్థానాన్ని టర్కీ, ఇరాన్ ఆక్రమించాయి. 2025 మేలో ఆపరేషన్ సిందూర్ తర్వాత, టర్కీ పాకిస్తాన్ వైపు నిలబడిందని, ఆ దేశం యాపిల్ వద్దని మన దగ్గర చాలా మండీలు నిర్ణయించుకున్నాయి. అదే ఏడాది సెప్టెంబర్‌లో జమ్మూ-శ్రీనగర్ హైవే మీద కొండచరియలు పడి దారి మూతపడితే కాశ్మీర్ యాపిల్ లారీల్లోనే కుళ్లిపోయింది. బుడ్గాం నుంచి ఢిల్లీకి రైల్వే వాళ్లు పార్శిల్ రైలు వేశారు. అక్కడ కొండ విరిగితే వినాయక చవితి తర్వాత నుంచి దసరా దాకా ఇక్కడ మా రేట్లు అటూ ఇటూ అయ్యాయి.

కివీ నీకు బాగా పనికొస్తుంది. గట్టిగా ఉన్నది చల్లగా ఉంచితే వారాల తరబడి ఉంటుంది. డెంగీ జ్వరాల సీజన్‌లో జనం ఎగబడి కొంటారు. డాక్టర్ చెప్పాడా లేదా అనేది నాకు అనవసరం, గిరాకీ మాత్రం ఉంటుంది. ఆ సమయంలో రేటు పెంచి రోగి ఇంటివాళ్ల దగ్గర గుంజొద్దు, ఇది నా మాటగా గుర్తుపెట్టుకో. అవకాడో ఇప్పుడు టాంజానియా నుంచి ఎక్కువగా వస్తోంది. మాగినవి కొన్ని, గట్టివి కొన్ని ఉంచుకో. ఎప్పుడు కోసుకోవాలో కొనేవాళ్లకి నువ్వే చెప్పాలి.

డ్రాగన్ ఫ్రూట్ కథ చూస్తే ట్రెండ్ ఎటు పోతోందో అర్థమవుతుంది. ఒకప్పుడు వియత్నాం పెట్టెలే. ఇప్పుడు తెలంగాణ, అనంతపురం, కర్ణాటక, గుజరాత్ తోటల నుంచి కుప్పలుగా వస్తోంది. బండ్ల మీద కూడా అమ్ముతున్నారు. విదేశీ పండు అని ఎక్కువ రేటు ఉన్నప్పుడు మన రైతు ఊరుకోడు, నేర్చుకుని పండిస్తాడు. కాబట్టి ఏ పండుకీ "ఇంపోర్టెడ్" అనే గొప్ప శాశ్వతం అనుకోవద్దు.

నిల్వ గురించి. ఒకే ఏసీ గదిలో అన్నీ పేర్చేవాళ్లు ఎక్కువ. యాపిల్ నుంచి కాయల్ని మాగబెట్టే ఎథిలిన్ గ్యాస్ వస్తుంది, పక్కన కివీ పెడితే మెత్తబడిపోతుంది. మామిడి, అరటి 13 డిగ్రీల కన్నా చల్లగా ఉంటే తోలు నల్లబడుతుంది, మామిడి సరిగా మాగదు. ద్రాక్ష, యాపిల్, బెర్రీలకు ఒక ఫ్రిజ్, కివీకి విడిగా చల్లని చోటు, మిగతావి బయట నీడలో. ఇన్వర్టర్ లేకుండా మాత్రం షట్టర్ ఎత్తకు.

హైదరాబాద్ వెళ్లాలా అన్నావు, అంటే బాటసింగారం పండ్ల మార్కెట్‌కి. రోజూ వెళ్లే సరుకు నీకు ఉండదు. మొదట్లో విజయవాడలోనే ఎత్తుకో. ఇంకో మాట, ఏప్రిల్, మే, జూన్ నెలల్లో ఇంపోర్టెడ్ సరుకు సగానికి తగ్గించు. విజయవాడ పక్కన నున్న మార్కెట్‌లో మామిడి దిగాక మన జనం వేరే పండు వైపు చూడరు.

నూజివీడు తోట:

బాబూ, అన్నయ్యగారు చివర్లో మామిడి మాట ఎత్తారు కాబట్టి నేనూ రాస్తున్నాను. మాకు నూజివీడు దగ్గర బంగినపల్లి, రసాల తోట ఉంది. ఆయన వచ్చే సరుకు గురించి చెప్పారు, నేను మన దగ్గర్నుంచి వెళ్లే సరుకు గురించి చెబుతాను.

మన దేశం ఏటా 2 కోట్ల టన్నులకు పైగా మామిడి పండిస్తుంది. ప్రపంచంలో మనదే మొదటి స్థానం. కానీ తాజా పండుగా బయటి దేశాలకు వెళ్లేది వేల టన్నుల్లోనే. అదే ద్రాక్ష చూడండి, ఎక్కువగా నాసిక్ నుంచి, 2023-24లో సుమారు 3.4 లక్షల టన్నులు వెళ్లింది. ఆ తేడా నాకు నిద్ర పట్టనివ్వదు. ద్రాక్ష రైతులు ఊరికే ఎదగలేదు. 2010లో మందుల అవశేషాల కారణంగా యూరప్ వాళ్లు సరుకు తిప్పి కొట్టారు. ఆ దెబ్బ తర్వాత ఏ పెట్టె ఏ తోటదో కంప్యూటర్‌లో చూపించే పద్ధతిని, పరీక్షల్ని ఇంకా గట్టి చేసుకున్నారు. మామిడికీ 2014లో పండు ఈగ వల్ల యూరప్ తలుపు మూసింది, 2015 జనవరిలో తీసింది. జపాన్ వాళ్లు ఆవిరి వేడి పట్టించిన కాయే తీసుకుంటారు. అమెరికా వాళ్లకు రేడియేషన్ ఇచ్చిన కాయ కావాలి. ఒక్కో దేశానికి ఒక్కో గది దాటాలి. నాలుగెకరాల రైతు ఒక్కడే ఇవన్నీ ఎలా చేస్తాడు? అందుకే నున్నలోనే ఇచ్చేసి వస్తాం. లారీ ఢిల్లీ ఆజాద్‌పూర్ మార్కెట్‌కి వెళ్తుంది, తరుగు పోను మిగిలింది మా చేతికి.

2025లో చిత్తూరు వైపు తోతాపురి రైతుల గోడు అందరూ చూశారు. కిలోకి గుజ్జు ఫ్యాక్టరీ 8 రూపాయలు, ప్రభుత్వం 4 రూపాయలు కలిపి 12 ఇస్తామని ప్రకటించాల్సి వచ్చింది. గుజ్జు అమ్ముడవకపోతే కాయ కొనేవాడు ఉండడు. ఒకే దారి మీద ఆధారపడితే అంతే.

బాబూ, నేను మీకు చెప్పదలచుకున్నది ఒక్కటి. పిందె దశ దాటాక మేము కాయకి కాగితం కవర్ తొడుగుతున్నాం. మచ్చ ఉండదు, ఈగ తాకదు, మందు తగ్గుతుంది, రంగు కళ్లు చెదిరేలా వస్తుంది. అలాంటి బంగినపల్లిని కార్బైడ్ లేకుండా, అనుమతి ఉన్న ఎథిలిన్ గదిలో మాగబెట్టి, మీ అద్దాల షెల్ఫ్‌లో కివీ పక్కన పెట్టి అమ్మి చూడండి. నేరేడు పండు కూడా పెట్టండి. జూన్‌లో మూడు వారాలే ఉంటుంది, రెండు రోజుల్లో పాడవుతుంది, అయినా షుగర్ ఉన్నవాళ్లు వెతుక్కుంటూ వస్తారు. బెర్రీ కావాలంటే మనకూ ఉంది.

మా అబ్బాయి బ్లూబెర్రీ మొక్కలు వేద్దామంటున్నాడు. దానికి బాగా పుల్లటి నేల, అంటే పీహెచ్ 4.5 నుంచి 5.5 మధ్య కావాలట. మా భూమి అలాంటిది కాదు. కోకోపీట్ (కొబ్బరి పొట్టు) నింపిన కుండీల్లో అయితే ప్రయత్నించమన్నాను.

లక్ష్మీపురం కుర్రాడు:

అన్నా, అమ్మా, చాలా థాంక్స్. మొత్తం నాన్నకి చదివి వినిపించాను. తరుగు, కమీషన్ మాటలు రాగానే ఆయన లేచి కూర్చున్నారు, యార్డులో ఉన్నన్నాళ్లూ చూసిందే కదా. ఆ 75 రూపాయల లెక్క రెండుసార్లు చదవమన్నారు. ఆయన అడిగిన ప్రశ్నే అడుగుతున్నాను: పెట్టె కొనేటప్పుడు ఏం చూడాలి? కాయ మీద స్టిక్కర్ ఉంటే ఇంపోర్టెడ్ అనుకోవచ్చా?

కేదారేశ్వరపేట హోల్‌సేల్:

స్టిక్కర్ నమ్మొద్దు. ఆ స్టిక్కర్లు రోల్ రోల్‌గా దొరుకుతాయి, ఇక్కడి కాయ మీద అంటించినా ఎవరూ కనిపెట్టలేరు. పెట్టె చూడు. ఏ దేశం, ప్యాక్ చేసిన తేదీ, దిగుమతిదారు పేరు, చిరునామా ఉండాలి. పక్కన కౌంట్ నంబర్ ఉంటుంది: 100, 113, 125, 138. అంటే పెట్టెలో ఎన్ని కాయలున్నాయో. నంబర్ పెరిగేకొద్దీ కాయ చిన్నది. గుంటూరులో ఇళ్లకి అమ్మేది కాబట్టి 113, 125 సరిపోతాయి. వంద కౌంట్ పెళ్లిళ్లకి, పళ్లేలు అలంకరించేవాళ్లకి. ఒక పెట్టె మధ్య పొర దాకా విప్పించి చూడు. విప్పనివ్వని వాడి దగ్గర కొనకు.

నాన్నగారిని కూడా తీసుకురా. తెల్లవారుజామున లారీలు దిగేటప్పుడు వస్తే సరుకు ఏరుకోవచ్చు. తొమ్మిది దాటితే ఏరగా మిగిలినవే ఉంటాయి. నూజివీడు అక్కయ్యగారూ, కవర్ కాయ ఈసారి నున్నకి తోలే ముందు నాకొక మెసేజ్ పెట్టండి, రేటు మాట్లాడుకుందాం.