చర్చ: "హమ్ దేఖేంగే" అన్న మాటలో ఉన్నది మనమా, మేమా?

ప్రాణహిత ఒడ్డు (సిరోంచ):

మహారాష్ట్రలోని మా సిరోంచ తాలూకాలో ఒక పల్లెకు వెళ్లే దారిలో వాగు మీద తక్కువ ఎత్తు వంతెన ఒకటి ఉంది. వానాకాలంలో అది నీళ్ల కిందే ఉంటుంది. పోయిన నెల గ్రామసభకు ఒక ప్రభుత్వ కార్యాలయం నుంచి అధికారి ఒకరు వచ్చి హిందీలో మాట్లాడారు. ఊరి పెద్దలలో చాలామందికి తెలుగే సరిగా వచ్చు కనుక, బడిపంతులునైన నన్ను పక్కన నిలబెట్టి తెలుగులో చెప్పమన్నారు. వంతెన సంగతి వచ్చినప్పుడు ఆయన "ఇస్‌కే బారే మే హమ్ దేఖేంగే" అన్నారు. నేను తడుముకోకుండా "దీని సంగతి మనం చూద్దాం అంటున్నారు" అని చెప్పేశాను.

సభ ముగిశాక ఒక పెద్దాయన నా దగ్గరకు వచ్చి, "మనం అంటుండు గద సారూ, అంటే మనం గూడ ఇంత ఏసుకోవాల్నా?" అని అడిగారు. ఆయన వెనకాలే ఉన్న మరొకరు "చూద్దాం అన్నడంటే ఇగ అయ్యేది లేదు" అని కండువా దులుపుకొని వెళ్లిపోయారు. నేను "మేము చూస్తాం" అని చెప్పి ఉంటే ఆ రెండు మాటలలో ఏదీ పుట్టేది కాదు. అప్పటి నుంచి ఇది నన్ను వదలడం లేదు.

నా వాదం ఇది. తెలుగులో ఎదుటివారిని కలుపుకొంటే మనం, విడిచిపెడితే మేము. "మా ఊరు" అని ఒకరితోనూ, "మన ఊరు" అని ఇంకొకరితోనూ అనడం మూడేళ్ల పిల్లవాడికి కూడా పట్టుబడుతుంది. హిందీ "హమ్"లో ఆ గీత లేదు. భాషావేత్త రోమన్ యాకొబ్సన్ 1959లో అనువాదం గురించి రాస్తూ, భాషల మధ్య ముఖ్యమైన తేడా అవి ఏం చెప్పగలవన్న దాంట్లో లేదనీ, ఏం చెప్పి తీరాలన్న దాంట్లో ఉందనీ అన్నారు. ఆ అధికారి చెప్పని సంగతిని నా భాష నా చేత బలవంతంగా చెప్పించింది. అంటే ఆయన మాట తెలుగులోకి రానే లేదు; వచ్చింది నేను చేర్చిన మాట. భాష నుంచి భాషకు అర్థం చెక్కుచెదరకుండా దాటుతుందన్న నమ్మకమే తప్పని నేను అంటున్నాను. మీరు ఒప్పుకుంటారా?

శబ్దార్థం (ధర్మాబాద్):

ఒప్పుకోలేను, మాస్టారూ. మీ బాధ నాకు అర్థమైంది కానీ, మీరు నేరాన్ని మోపవలసిన చోట మోపలేదు. మాట పేదదైనంత మాత్రాన అర్థం పేదది కాదు.

మన శాస్త్రాలలో చిరకాలంగా చెప్పే ఉదాహరణ ఒకటి ఉంది. "సైంధవమానయ" (సైంధవం తీసుకురా) అని యజమాని సేవకుడితో అంటాడు. సైంధవం అంటే ఉప్పు, సైంధవం అంటే గుర్రం. అన్నం ముందు కూర్చుని అంటే సేవకుడు ఉప్పు తెస్తాడు, ప్రయాణానికి బయలుదేరుతూ అంటే గుర్రాన్ని తెస్తాడు. వాక్యం విని అర్థం చేసుకోవడానికి (శాబ్దబోధకు) ఆకాంక్ష (ఒక మాట ఇంకొక మాటను కోరడం), యోగ్యత (అర్థాలు పొసగడం), సన్నిధి (మాటలు దగ్గరగా ఉండటం) మాత్రమే చాలవనీ, వక్త తాత్పర్యం, అంటే ఉద్దేశం కూడా తెలియాలనీ న్యాయశాస్త్ర పండితులైన నైయాయికులు చెప్పింది ఇటువంటి సందర్భాలను చూసే. వేదవాక్యాల అర్థాన్ని విచారించే మీమాంసకులలో ప్రభాకరుని పక్షంవారు ఇంకొక అడుగు ముందుకు వేసి, పదాలు విడివిడిగా అర్థాన్ని చెప్పి తరువాత కలుసుకోవనీ, ఒకదానితో ఒకటి అన్వయించి ఉన్నప్పుడే అర్థాన్ని చెబుతాయనీ వాదించారు.

వంతెన కట్టే అధికారం ఎవరిది? ఆ కార్యాలయానిది. అడిగింది ఎవరు? ఊరివారు. ఇంత సందర్భం కళ్ల ముందు ఉన్నప్పుడు "హమ్" అంటే "మేము" అని తేలడానికి వ్యాకరణంలో గీత ఎందుకు? తాత్పర్యం దాటవలసినంత దాటే వచ్చింది. మీరు దాన్ని అందుకోలేదు, అంతే. మాట కటువుగా ఉంటే మన్నించండి.

నల్లబంగారం (బల్లార్పూర్):

నేను గనిలో ముప్ఫై ఏళ్లు పనిచేసినవాణ్ణి, శాస్త్రాలు తెలియవు. కానీ హిందీలో ఆ గీత లేదన్న మాట మా వైపు చెల్లదు. నాగపూరు, చంద్రపూరు వైపు హిందీలో "అపన్" అనే మాట పొద్దస్తమానం వినపడుతుంది. "అపన్ చలేంగే" అంటే నువ్వూ నేనూ కలిసి పోదామని. "హమ్ చలేంగే" అంటే మేము పోతాం, నువ్వు ఉండమని. మా షిఫ్టు మారేటప్పుడు తోటివాడు "అపన్ దేఖ్ లేంగే" అంటే నేను కూడా పార పట్టుకోవాలి. "హమ్ దేఖ్ లేంగే" అంటే ఇంటికి పోవచ్చు.

కనుక ఆ అధికారి మా వైపు మనిషైతే, అపన్ అనగలిగి కూడా అనలేదు కనుక ఆయన మాట "మేము" అనే అర్థం. అదే బీహారు వైపు నుంచి వచ్చినవారైతే సంగతి వేరు. అక్కడ ఒక్క మనిషి తన గురించి చెప్పుకునేటప్పుడు కూడా "హమ్" అంటాడు. మా గనికి అటు నుంచి వచ్చినవారు "హమ్ ఖా లియా" అంటే తిన్నది ఆయన ఒక్కడే. అప్పుడు మీ పంతులు గారు చెప్పవలసింది "నేను చూస్తాను" అని. అధికారిది ఏ ఊరో ముందు చెప్పండి.

ప్రాణహిత ఒడ్డు (సిరోంచ):

ఆయనది ఏ ఊరో నాకు తెలియదు. మీరు చెప్పిన సంగతి మాత్రం నా ప్రశ్నను ఇంకా లోతుకు తీసుకుపోయింది. స్విట్జర్లాండు భాషావేత్త సొస్యూర్ పాఠాలను ఆయన మరణం తరువాత 1916లో పుస్తకంగా వేశారు. అందులో ఇదే మెలిక ఉంది. ఫ్రెంచివారికి గొర్రెకూ గొర్రె మాంసానికీ "ముతోఁ" అనే ఒకే మాట ఉంది. ఇంగ్లీషువారికి ప్రాణంతో ఉన్నది షీప్, పళ్లెంలోకి వచ్చింది మటన్. కాబట్టి ముతోఁకూ షీప్‌కూ విలువ ఒకటి కాదని ఆయన అన్నారు. మాట విలువను నిర్ణయించేది దాని పక్కన ఏ మాట ఉందన్న సంగతి. పక్కన అపన్ ఉన్నవారి హమ్ వేరు, అపన్ లేనివారి హమ్ వేరు. చెవికి ఒకే శబ్దం వినిపించింది. దాని వెనుక ఉన్న భాష ఏదో నాకు వినిపించలేదు.

శబ్దార్థం గారు సందర్భమే చాలన్నారు. ఉప్పుకూ గుర్రానికీ సందర్భం చాలుతుంది, ఎందుకంటే భోజనం దగ్గరకు గుర్రాన్ని ఎవరూ తేరు. మా పల్లెలలో చందాలు వేసుకుని, శ్రమదానం చేసి రోడ్డు మీద మొరం పోసుకోవడం ఉన్నదే. "మనం" అన్న అర్థానికి కూడా సందర్భం తలుపు తెరిచే ఉంచింది. ఆ పెద్దాయన అడిగింది అమాయకత్వంతో కాదు, అనుభవంతో.

పత్తిచేను (కిన్వట్):

మాస్టారు యాకొబ్సన్ మాటను తెలుగుకు అతికించిన తీరులో ఒక పొరపాటు ఉంది. తెలుగు మిమ్మల్ని బలవంతం చేయలేదు. "చూస్తాం" అని ఊరుకుంటే సరిపోయేది. కర్తను వదిలేసి మాట్లాడటం మనకు రోజూ ఉన్నదే, క్రియాంతంలో ఉన్న "ం" మేముకూ మనముకూ ఒక్కటే. "రేపు సంతకు పోతాం" అన్న వాక్యంలో వింటున్నవాడు ఉన్నాడో లేడో వాక్యాన్ని చూసి ఎవరూ చెప్పలేరు. హిందీ ఎంత మూసి ఉంచిందో తెలుగులోనూ అంత మూసి ఉంచవచ్చు.

మరి మీరు "చూద్దాం" ఎందుకన్నారు? "ద్దాం" ఒక్కటే ఎదుటివారిని కచ్చితంగా కలుపుకునే రూపం. నన్నడిగితే మీరు దాన్ని మర్యాద కోసం వాడారు. డాక్టరు పిల్లవాడితో "మనం సూది వేయించుకుందామా" అన్నప్పుడు సూది పడేది పిల్లవాడికే. పై మనిషి మాటను ఊరివారికి మెత్తగా అందించాలన్న అలవాటు మీ చేత మనం అనిపించింది. మరాఠీలోనూ ఇంతే: ఎదుటివారిని కలుపుకునే "ఆపణ్" గౌరవంగా "తమరు" అనడానికి కూడా పనికివస్తుంది. కలుపుకోవడమూ మర్యాద చేయడమూ ఈ రెండు భాషలలో ఒకే గుమ్మం నుంచి వెళతాయి.

ప్రాణహిత ఒడ్డు (సిరోంచ):

ఈ మాట నిజం. రెండు రోజులు దాన్నే తలుచుకుంటూ ఉన్నాను. భాష బలవంతం చేసిందన్న నా వాదాన్ని వెనక్కి తీసుకుంటున్నాను. అయితే ఒక్క సంగతి గమనించండి. అధికారి నోట వట్టి "చూస్తాం" అన్న మాట వస్తే, "చూద్దాం" అనలేదు కనుక అది "మేము చూస్తాం" అనే మా వాళ్లు వింటారు. వాక్యంలో గీత లేకపోయినా వినేవారి చెవిలో గీత ఉంటుంది. నేను మూసి ఉంచినా వారు తెరుచుకుంటారు.

వకీలు (బిలోలి):

ఇంతసేపూ అందరూ వక్త మనసులో ఏముందో వెతుకుతున్నారు. తత్వవేత్త పాల్ గ్రైస్ 1957లో చేసిన ప్రతిపాదన కూడా అటువంటిదే: వక్త ఒక ఉద్దేశంతో పలుకుతాడు, ఆ ఉద్దేశాన్ని శ్రోత గుర్తించడం ద్వారానే అది నెరవేరాలని కోరుకుంటాడు, అర్థమంటే అదేనని. కోర్టులో ముప్ఫై ఏళ్లుగా నేను చూసింది దీనికి భిన్నం. మనసులోని ఉద్దేశాన్ని ఎవరూ తీసి బల్ల మీద పెట్టలేరు. 1872 నాటి కాంట్రాక్టు చట్టం 13వ సెక్షను ఏమంటుందంటే, ఇద్దరు గాని అంతకంటే ఎక్కువమంది గాని ఒకే విషయాన్ని ఒకే అర్థంలో ఒప్పుకున్నప్పుడే వారి మధ్య సమ్మతి ఉన్నట్టు. గ్రామసభలో జరిగింది కాంట్రాక్టు కాదన్న సంగతి నాకు తెలుసు. కానీ "ఒకే అర్థంలో" అన్న ఆ రెండు మాటలు ఇక్కడి రోగాన్ని సరిగ్గా పట్టుకుంటాయి. అధికారి ఒక అర్థంలో అన్నారు, పెద్దాయన ఇంకొక అర్థంలో విన్నారు, కండువా దులిపిన ఆయన మూడో అర్థంలో విన్నారు. ఆ సభలో ఏ ఇద్దరి మధ్యా ఏదీ కుదరలేదు.

ఇంకొక మాట. తత్వవేత్త జె.ఎల్. ఆస్టిన్ 1955లో హార్వర్డులో ఇచ్చిన ఉపన్యాసాలు 1962లో అచ్చయ్యాయి. కొన్ని మాటలు సంగతిని చెప్పవు, పనిని చేస్తాయి అన్నది వాటి సారం. "మాట ఇస్తున్నాను" అనడమే మాట ఇవ్వడం. "మేము చూస్తాం" అన్నది వాగ్దానం, రేపు నిలదీయవచ్చు. "మనం చూద్దాం" అన్నది ప్రతిపాదన, దాన్ని పట్టుకుని ఎవరినీ నిలదీయలేం. మాస్టారు మార్చింది ఒక సర్వనామాన్ని మాత్రమే కాదు, ఆ వాక్యం చేసే పనినే మార్చారు. శబ్దార్థం గారు అన్నట్టు తాత్పర్యం దాటే వచ్చి ఉంటే ఊరి చేతిలో వాగ్దానం ఉండాలి కదా, ఏదీ?

నా సలహా: మన రాష్ట్రంలో అధికారిక భాష మరాఠీ. మరాఠీలో "ఆమ్హీ" (మేము) వేరు, "ఆపణ్" (మనం) వేరు. తెలుగు, తమిళాలలో లాగే ఆ భాషలోనూ ఈ తేడా నిలవడానికి ద్రావిడ భాషలతో దాని సహవాసం కారణమని చాలామంది భాషావేత్తలు భావిస్తారు. మరాఠీలో ఉత్తరం రాసి మరాఠీలో జవాబు అడగండి. హిందీ దాచిన గీతను మరాఠీ దాచలేదు.

శబ్దార్థం (ధర్మాబాద్):

వకీలు గారికి నా సమాధానం: తాత్పర్యం ఉండటం వేరు, దానికి సాక్ష్యం ఉండటం వేరు. సేవకుడు తప్పుగా గుర్రాన్ని తెచ్చినా యజమాని అడిగింది ఉప్పే. ఊరి చేతిలో వాగ్దానం లేదన్నది నిజమే, అంతమాత్రాన అధికారి మాటకు అర్థం లేకపోలేదు. ఈ చోట నేను కదలను.

అయితే సేవకుడికి అనుమానం వస్తే "ఉప్పా, గుర్రమా" అని అడిగే హక్కు ఉంది. మాస్టారుకూ ఆ హక్కు ఉంది. "ఆప్ లోగ్, యా గావ్‌వాలే భీ?" (మీరేనా, ఊరివారు కూడానా?) అని నాలుగు మాటలు హిందీలో అడిగి, ఆ తరువాత తెలుగులో చెప్పి ఉంటే ఈ చర్చే లేదు.

పత్తిచేను (కిన్వట్):

మరాఠీ ఉత్తరం గురించి ఒక హెచ్చరిక. జవాబులో ఆమ్హీ రాదు, ఆపణ్ కూడా రాదు. "కార్యవాహీ కరణ్యాత్ యేఈల్" అని వస్తుంది, అంటే మన కార్యాలయాల తెలుగులో "చర్యలు తీసుకోబడును". కర్తే ఉండడు. గీత ఉన్న భాషలోనే గీత మీద కాలు పెట్టకుండా నడిచే దారి కూడా ఉంది. ఆ దారి హిందీలో "హమ్" కంటే వెడల్పుగా ఉంటుంది.

నల్లబంగారం (బల్లార్పూర్):

అయితే కర్తనే అడగండి. "ఎవరు" అని అడిగిన ప్రశ్నకు కర్త లేని జవాబు వస్తే, అది జవాబు కాదని ఊరివారికి తెలిసిపోతుంది.

ప్రాణహిత ఒడ్డు (సిరోంచ):

మీ మాటలన్నీ పెట్టుకుని నిన్న ఊరికి వెళ్లాను. ముందు పెద్దాయన దగ్గర కూర్చుని, ఆ రోజు అధికారి అన్న మాటను హిందీలో ఉన్నదున్నట్టు పలికి, అందులో మనమూ లేదు మేమూ లేదు, మనం అన్నది నేను చేర్చిందని చెప్పాను. ఆయన చాలాసేపు ఊరుకుని, "గట్లయితే ఆయన్నే అడుగు సారూ, నువ్వెందుకు తిప్పలు పడుడు" అన్నారు. ఆయన ఇంటి అరుగు మీదే కూర్చుని మరాఠీలో ఉత్తరం రాశాను. వంతెన ఎత్తు పెంచే పని ఎవరు చేస్తారు, ఖర్చు ఎవరు పెడతారు, ఊరివారు డబ్బు గాని శ్రమ గాని ఇవ్వవలసి ఉందా, ఉంటే ఎంత అని నాలుగు ప్రశ్నలు. మొదటిది "హే కామ్ కోణ్ కరణార్?" అని. అదే ఉత్తరాన్ని తెలుగులో చదివి వినిపించినప్పుడు ఎక్కడా మనం అని గాని మేము అని గాని అనవలసిన అవసరం రాలేదు. ఊరి పేరూ కార్యాలయం పేరూ చెబితే సరిపోయింది. పన్నెండు మంది సంతకాలు, ముగ్గురి వేలిముద్రలు పడ్డాయి. సోమవారం ఇచ్చి, నకలు మీద ముద్ర వేయించుకుంటాను. జవాబు వచ్చిన రోజున అక్షరం మార్చకుండా ఇక్కడ పెడతాను.